మూడు లావు కోడింగ్ థియరీ పుస్తకాలు: ఏళ్ల తరబడి వాడాక

ముందే చెప్పేస్తాను. ఎర్రర్ కరెక్షన్ (పంపేటప్పుడు చెడిపోయిన బిట్లను అందుకున్న చోట దిద్దుకోవడం; కోడింగ్ థియరీ అంటే ఇదే, ప్రోగ్రాములు రాయడం కాదు) నేర్చుకోవడానికి ఒకే ఒక్క పుస్తకం కొనాలనుకుంటే షూ లిన్, డేనియల్ కాస్టెల్లో రాసిన ‘ఎర్రర్ కంట్రోల్ కోడింగ్’ కొనండి. డబ్బు పెట్టబుద్ధి కాకపోతే డేవిడ్ మెకాయ్ రాసిన ‘ఇన్ఫర్మేషన్ థియరీ, ఇన్ఫరెన్స్, అండ్ లెర్నింగ్ ఆల్గరిథమ్స్’ ఆయన వెబ్‌సైట్‌లోనే ఉచితంగా చదువుకోవచ్చు. మెక్‌విలియమ్స్, స్లోన్‌ల ‘ది థియరీ ఆఫ్ ఎర్రర్ కరెక్టింగ్ కోడ్స్’ని మాత్రం ముందు ఏదైనా లైబ్రరీలో తిరగేసి, అవసరం పడ్డాకే కొనండి.

ఈ మూడింటినీ నేను వైర్‌లెస్ మోడెమ్‌ల ఫర్మ్‌వేర్ పనిలో ఏళ్లుగా వాడుతున్నాను. సిద్ధాంతాలు రుజువు చేయడం నా వృత్తి కాదు. గాలిలో చెడిపోయి వచ్చిన బిట్లను సరిచేసే డీకోడర్ రాయడం, అది చిప్ మీద ఇచ్చిన సమయంలో పూర్తయ్యేలా చూడడం నా పని. అందుకే నా కొలబద్ద ఒక్కటే: అధ్యాయం చదివి పుస్తకం మూసేశాక డీకోడర్ రాయగలుగుతున్నానా, లేదా?

లిన్-కాస్టెల్లో ఈ పరీక్షలో మిగతా రెండింటికంటే చాలా ముందుంటుంది. మొదటి ముద్రణ 1983లో వచ్చింది, నేను వాడేది 2004 నాటి రెండో ముద్రణ. 1200 పేజీలు దాటిన పుస్తకం, మధ్యలో తెరిచి బల్ల మీద పెడితే నిలవదు. జిరాక్స్ షాపులో రెండు భాగాలుగా బైండింగ్ చేయించుకున్నాక ప్రాణం సుఖపడింది.

ఇందులో నాకు అన్నిటికంటే పనికొచ్చింది బీసీహెచ్ అనే, బీజగణితంతో తప్పులు దిద్దే కోడ్ల అధ్యాయంలోని ఒక చిన్న ఉదాహరణ. (15,5) కోడ్, అంటే 5 బిట్ల సమాచారాన్ని 15 బిట్లుగా పంపేది, మూడు తప్పులు దిద్దగలది. అన్నీ సున్నాలే పంపాం, 3, 5, 12 స్థానాల్లో బిట్లు తిరగబడ్డాయి. అక్కడి నుంచి సిండ్రోమ్‌లు (తప్పుల ఆనవాళ్లు చూపే విలువలు) ఎలా కట్టాలి, తప్పుల స్థానాలు దాచుకున్న బహుపదిని తేల్చే బెర్లెకాంప్ పట్టికను వరుస తర్వాత వరుస ఎలా నింపాలి, చివరికి వచ్చిన బహుపదికి మూలాలు ఎలా వెతకాలి అన్నది ఒక్క అడుగు కూడా మింగకుండా చూపిస్తారు. మొదటి సిండ్రోమ్ 1 వస్తుంది, మూడోది ఆల్ఫా ఘాతం 10, అయిదోది కూడా అదే. (ఈ లెక్కలు గాల్వా ఫీల్డ్ అనే పరిమిత సంఖ్యా సమితిలో నడుస్తాయి, ఆల్ఫా అందులో ప్రాథమిక మూలకం.) కొత్త ప్రాసెసర్ మీద డీకోడర్ రాసిన ప్రతిసారీ నేను మొదట పెట్టే టెస్ట్ ఇదే. పైథాన్‌లోనైనా, సీలోనైనా, హార్డ్‌వేర్ భాషలోనైనా ఈ మూడు విలువలు సరిగ్గా వచ్చాయంటే గాల్వా ఫీల్డ్ గుణకారం మీద అనుమానం పడక్కర్లేదు. రాకపోతే తప్పు ఎక్కడుందో పట్టిక ఏ వరుసలో తేడా కొట్టిందో చూసి చెప్పేయవచ్చు. ఈ సబ్జెక్టుకు కొత్తగా వచ్చే పిల్లలకు నేను చెప్పేది ఒకటే: ఆ ఉదాహరణను పెన్సిలు పట్టుకుని కాగితం మీద పూర్తిచేయండి, ఆ తర్వాతే కంప్యూటర్ తెరవండి.

పుస్తకం చివర్లో ఉన్న గాల్వా ఫీల్డ్ పట్టికలు కూడా బాగా నలిగాయి. అయితే వాటితో ఒక చిక్కుంది, అది ఏ పుస్తకమూ గట్టిగా చెప్పదు. 256 మూలకాల ఫీల్డ్‌కి పట్టికలో ఇచ్చే బహుపదిలో 8, 4, 3, 2 ఘాతాలు, ఒక 1 ఉంటాయి. కిరాణా కొట్టు గల్లాపెట్టె పక్కన అతికించే యూపీఐ క్యూఆర్ కోడ్‌లో తప్పులు దిద్దే రీడ్-సాలమన్ కోడ్‌కి అది అచ్చంగా సరిపోతుంది. ఉపగ్రహాల ప్రమాణమైన సీసీఎస్‌డీఎస్‌కి మాత్రం సరిపోదు. అక్కడ బహుపది వేరు, 8, 7, 2, 1 ఘాతాలు, వాటికి తోడు ఒక 1. పైగా సింబల్స్‌ని డ్యూయల్ బేసిస్ అనే మరో రూపంలో పంపుతారు. (255,223) అని పేరు చూసి ‘అదే కదా’ అనుకుంటే డీకోడర్ ఒక్క బ్లాకు కూడా దిద్దదు. పుస్తకం కోడ్‌ని చెబుతుంది, ప్రమాణ పత్రం దాని యాసను చెబుతుంది. రెండూ పక్కపక్కన పెట్టుకునే పని చేయాలి.

టర్బో కోడ్లు, ఎల్‌డీపీసీ (లో-డెన్సిటీ పారిటీ-చెక్: ఒక్కో చెక్ కొన్ని బిట్లను మాత్రమే చూసే కోడ్లు) అధ్యాయాలను రెండో ముద్రణలో చేర్చారు. టర్బో భాగం బాగుంది. ఎల్‌డీపీసీ భాగం మాత్రం షూ లిన్ సొంత పరిశోధన వైపు, అంటే ఫైనైట్ జామెట్రీ (పరిమిత సంఖ్యలో బిందువులుండే జ్యామితి) నుంచి కట్టే కోడ్ల వైపు, బాగా మొగ్గింది. ఇవాళ 5జీ ఫోన్లో డేటాను మోసే ఎల్‌డీపీసీ ఆ దారిలో వచ్చింది కాదు. అది బిట్లకూ చెక్‌లకూ మధ్య లింకులు చూపే చిన్న బేస్ గ్రాఫ్‌ని పెద్దది చేసుకుంటూ పోయే రకం. దానికి విలియం రైయన్‌తో కలిసి లిన్ 2009లో తెచ్చిన ‘చానల్ కోడ్స్: క్లాసికల్ అండ్ మోడర్న్’ మేలు.

మెకాయ్ పుస్తకం సంగతి వేరు. కేంబ్రిడ్జ్ వాళ్లు 2003లో వేశారు, 50 అధ్యాయాలు. మొదటి అధ్యాయంలోనే పాఠకుణ్ణి పట్టేస్తాడు. పది బిట్లలో ఒకటి చెడిపోయే పనికిమాలిన డిస్క్ డ్రైవ్ ఉందనుకోండి. ప్రతి బిట్‌నీ మూడుసార్లు రాసి మెజారిటీ చూస్తే తప్పుల శాతం 10 నుంచి సుమారు 3కి దిగుతుంది. దాన్ని 10 ఘాతం మైనస్ 15కి దింపాలంటే ఈ పద్ధతిలో 60 దాకా డ్రైవ్‌లు కావాలి. ఇన్ఫర్మేషన్ థియరీకి పునాది వేసిన షానన్ 1948లో చూపించిందేమిటంటే, సరైన కోడ్ వాడితే అదే నమ్మకాన్ని రెండే డ్రైవ్‌లతో సాధించవచ్చు. ఆ చానల్ కెపాసిటీ (రాసే ఒక్కో బిట్‌కీ నమ్మకంగా దాచగల సమాచారం) సుమారు 0.53 కాబట్టి. సిద్ధాంతాన్ని ఇంత తక్కువ మాటల్లో, ఇంత ఒళ్లు జలదరించేలా చెప్పినవాళ్లను నేను వేరే చూడలేదు. ఆ మాటకొస్తే ఇంజనీరింగ్ కాలేజీల్లో ఇన్ఫర్మేషన్ థియరీ అనగానే ఎంట్రోపీ ఫార్ములాలో అంకెలు వేసి అయిదు మార్కులు తెచ్చుకోవడమే తప్ప, ఈ రెండు డ్రైవ్‌ల ముచ్చట ఎవరూ ఎత్తరు.

ఈ పుస్తకాన్ని నేను మళ్లీ మళ్లీ తెరిచేది మెసేజ్ పాసింగ్ అధ్యాయం కోసం. వరుసలో నిలబడ్డ సైనికులు తామెంతమందో లెక్కపెట్టుకోవాలి. వరుస మొత్తం ఎవరికీ కనిపించదు, ఒక్కొక్కరికీ పక్కవాడి మాట మాత్రమే వినిపిస్తుంది. చివరివాడు ‘ఒకటి’ అంటాడు, విన్నవాడు ఒకటి కలిపి పక్కకు చెబుతాడు. రెండు వైపుల నుంచీ వచ్చిన అంకెలు కలుపుకుని, తననూ కలుపుకుంటే ప్రతివాడికీ మొత్తం తెలిసిపోతుంది. వరుసకు బదులు చెట్టు ఆకారంలో నిలబడ్డా ఇదే పద్ధతి పనిచేస్తుంది. గుంపులో చక్రాలు (తిరిగి మొదటికే వచ్చే దారులు) ఉంటేనే ఒకే మనిషిని రెండుసార్లు లెక్కించే ప్రమాదం. అక్కడి నుంచి చాలా దూరం వెళ్లాక, 47వ అధ్యాయంలో ఎల్‌డీపీసీ డీకోడర్ ఎదురైనప్పుడు, ఇది ఆ సైనికుల లెక్కే కదా అని తడుతుంది. ఒక్కో చెక్ నోడ్ (బిట్లు నియమానికి సరిపోయాయో లేదో చూసే భాగం) తనకు తగిలిన కొన్ని బిట్లను మాత్రమే చూస్తుంది, అయినా కొన్ని రౌండ్లలో వేల బిట్లు ఒక ఒప్పందానికి వస్తాయి. గ్రాఫ్‌లో చక్రాలున్నా, లెక్క కచ్చితం కాకపోయినా, పని జరిగిపోతుంది.

ఇలా చిన్న భాగాలు తమంతట తామే ఒక క్రమానికి రావడాన్ని స్వయం వ్యవస్థీకరణ అంటారు, దాని మీద విడిగా పుస్తకాలున్నాయి. కోహొనెన్ ‘సెల్ఫ్ ఆర్గనైజింగ్ మ్యాప్స్’ కొన్నాళ్లు చదివాను, ఇప్పుడు అల్మారాలోంచి బయటికి రావడం లేదు. అందులో నియమం తెలుస్తుంది గాని, అది ఎందుకు ఫలిస్తుందో చెప్పే లెక్క చేతికి అందదు. మెకాయ్ మాత్రం అయస్కాంతాల ఐసింగ్ మోడల్‌నీ, జ్ఞాపకశక్తిని అనుకరించే హాప్‌ఫీల్డ్ నెట్‌వర్క్‌నీ, ఎల్‌డీపీసీ డీకోడర్‌నీ ఒకే పుస్తకంలో పెట్టి, పొరుగువాళ్లతో మాట్లాడే చిన్న చిన్న భాగాలు మొత్తంగా ఒక స్థితికి ఎలా చేరతాయో సమీకరణాలతో చూపించాడు. గాలగర్ 1960ల మొదట్లోనే కనిపెట్టిన ఎల్‌డీపీసీని ముప్ఫై ఏళ్లు దాదాపు అందరూ మరిచిపోతే, 1990ల నడుమ దాన్ని మళ్లీ బతికించినవాళ్లలో ఈయన ఒకడు. ఆ ఉత్సాహం పేజీ పేజీలో తెలుస్తుంది. (2016లో, 50 ఏళ్లు నిండకుండానే పోయాడు.)

ఆ ఉత్సాహమే లోపం కూడా. బీసీహెచ్, రీడ్-సాలమన్ లాంటి బీజగణిత కోడ్లంటే మెకాయ్‌కి చిన్నచూపు. రీడ్-సాలమన్‌ని పేరు చెప్పి దాటేస్తాడు, డీకోడింగ్ నేర్పడు. కనిష్ఠ దూరమే (ఏ రెండు కోడ్‌పదాల మధ్యనైనా ఉండే కనీస తేడా) సర్వస్వం కాదని ఒక అధ్యాయంలో గట్టిగా వాదిస్తాడు. ఆ వాదన నిజమే, కానీ ఎర్రర్ ఫ్లోర్ వచ్చినప్పుడు మనకు తోడు రాదు. సిగ్నల్ పెంచుతున్నా తప్పులు ఒక స్థాయి దగ్గర ఆగిపోయి ఇక దిగని జబ్బు అది. దాని మీద మెకాయ్, పోస్టల్ కలిసి 2003లో మంచి పేపర్ రాశారు. రామానుజన్ గ్రాఫ్‌ల నుంచి కట్టిన ఒక కోడ్‌లో బలహీనత చూపించింది ఆ పేపరే. పుస్తకంలో ఆ లోతు లేదు. చిప్‌లో అందరూ వాడే మిన్-సమ్ పద్ధతి పేరు పుస్తకంలో ఉంది గాని, ఎల్‌డీపీసీ డీకోడింగ్ లెక్కను తేలిక చేయడానికి దాన్ని వాడే తీరు, దానికి 0.75 లాంటి స్కేలింగ్ పెట్టే చిట్కా ఇక్కడ ఆశించకండి.

యాదృచ్ఛిక ప్రయోగాలతో అంచనా వేసే మాంటే కార్లో అధ్యాయాలు మాత్రం నా పనికి నేరుగా తగిలాయి. వంద కోట్ల బిట్లకు ఒక తప్పు అని నిరూపించాలంటే, కనీసం వంద తప్పులు చూడాలనుకుంటే, 10 వేల కోట్ల బిట్లు నడపాలి. సెకనుకు కోటి బిట్లు డీకోడ్ చేసే సాఫ్ట్‌వేర్‌తో గ్రాఫ్‌లో ఒక్క చుక్కకే మూడు గంటలకు దగ్గర. ఎర్రర్ ఫ్లోర్ వెతకడానికి జనం ఎఫ్‌పీజీఏ (కావలసినట్టు సర్క్యూట్ మార్చుకోగల చిప్) బోర్డుల వెంట ఎందుకు పడతారో ఈ లెక్క చూస్తే తెలుస్తుంది. అరుదైన తప్పులను కావాలని ఎక్కువగా తెప్పించి లెక్క సరిచేసుకునే ఇంపార్టెన్స్ శాంప్లింగ్‌తో దగ్గరిదారి వెతికేముందు, అది ఎక్కడ మోసం చేస్తుందో మెకాయ్ చెప్పింది చదివి వెళ్లడం మంచిది.

ఇక మెక్‌విలియమ్స్-స్లోన్. 1977 నాటిది. దాన్ని మొదటి పేజీ నుంచి చదవాలని కూర్చున్నవాళ్లు నాకు తెలిసి మూడో అధ్యాయం దాటలేదు. ఇది పాఠ్యపుస్తకంలా కాక నిఘంటువులా తెరవాల్సిన గ్రంథం. దాదాపు 1500 పేపర్ల జాబితా చివర్లో ఉంటుంది, ప్రతి అధ్యాయం ముగిశాక ఏ ఫలితం ఎవరిదో చెప్పే టిప్పణులుంటాయి. డీకోడర్ రాయడానికి ఇది నాకు పనికిరాలేదు. ‘ఈ పొడవులో, ఈ రేటులో ఇంతకంటే మంచి కోడ్ అసలు సాధ్యమా?’ అని ఎవరైనా అడిగినప్పుడు మాత్రం చాలాకాలం ఆసరా ఇదే. ఇప్పుడు ఆ ప్రశ్నకు మార్కుస్ గ్రాస్ల్ నడిపే ఆన్‌లైన్ పట్టికలు చాలు. పుస్తకంలోని పట్టికలు పాతబడిపోయాయి.

అయినా అమ్మేయాలనిపించదు. ఆర్థోగొనల్ ఎర్రేల భాగంలో మన గణాంక శాస్త్రవేత్త సి.ఆర్. రావు గారు ఎదురవుతారు. ఆంధ్ర విశ్వవిద్యాలయంలో గణితం ఎంఏ చేసి కలకత్తా ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూట్ (ఐఎస్‌ఐ)కి వెళ్లిన ఆయన, వ్యవసాయ ప్రయోగాల్లాంటి వాటిని పొదుపుగా రూపొందించడానికి 1940ల్లో కట్టిన నిర్మాణాలవి. ఒక లీనియర్ కోడ్‌కి (రెండు కోడ్‌పదాలు కలిపినా మళ్లీ కోడ్‌పదమే వచ్చేది) డ్యూయల్ (దాని పదాలన్నిటికీ లంబంగా ఉండే పదాల కోడ్) తీసుకుంటే అదే ఆర్థోగొనల్ ఎర్రే. ఒక కోడ్‌లో ఎన్ని పదాలు ఇమడగలవో హ్యామింగ్ 1950లో చెప్పిన హద్దుకి అద్దంలో బింబంలా ఉండే హద్దుని రావుగారు అంతకు ముందే, వేరే అవసరం కోసం తేల్చారు. బీసీహెచ్‌లో మొదటి అక్షరమైన బోస్ కూడా ఆ ఐఎస్‌ఐలో పనిచేసి తర్వాత అమెరికా వెళ్లినవాడే. కోడింగ్ థియరీ అంటే బెల్ ల్యాబ్స్ కథ మాత్రమే అనుకునేవాళ్లకు ఆ పేజీలు చూపించాలి.

ఇంకొకటి కూడా ఇందులోనే ఉంది. కెర్డాక్, ప్రెపరాటా అనే రెండు నాన్‌లీనియర్ కోడ్లు ఒకదానికొకటి డ్యూయల్ అయినట్టే ప్రవర్తిస్తాయి, కానీ నాన్‌లీనియర్ కోడ్లకు మామూలు అర్థంలో డ్యూయలే ఉండదు. పుస్తకంలో ఇది కారణం తేలకుండానే మిగిలింది. 17 ఏళ్ల తర్వాత, 1994లో, 4 మాడ్యులో లెక్కల్లో (4తో భాగిస్తే వచ్చే శేషాలతో) చూస్తే కెర్డాక్ కోడ్, ప్రెపరాటాకి దగ్గరి రూపమైన ఒక కోడ్ నిజంగానే డ్యూయల్స్ అని ఒక పేపర్ తేల్చింది. దాని రచయితల్లో స్లోన్ ఉన్నాడు, తర్వాత ఐఐఎస్‌సీలో పాఠాలు చెప్పిన పి. విజయ్ కుమార్ కూడా ఉన్నారు. ఆయన ఎర్రర్ కరెక్టింగ్ కోడ్స్ మీద చెప్పిన పాఠాలు ఎన్‌పీటీఈఎల్‌లో ఉచితంగా దొరుకుతాయి, లిన్-కాస్టెల్లో పక్కన పెట్టుకుని వింటే రెండూ ఎక్కుతాయి.

5జీ కంట్రోల్ చానల్ మీద పనిచేసేవాళ్లకు ఈ మూడింటిలోనూ ఏమీ దొరకదు. అక్కడ నడిచేవి అరికన్ 2009లో ప్రచురించిన పోలార్ కోడ్లు, ఇవన్నీ అంతకు ముందటి పుస్తకాలు. అరికన్ పేపర్‌ని నేరుగా చదవండి, మొదటి సగం అనుకున్నంత కష్టం కాదు. ఆ తర్వాత ఐఐటీ మద్రాస్ ఆండ్రూ తంగరాజ్ 5జీ ఎల్‌డీపీసీ, పోలార్ కోడ్ల మీద చేసిన ఎన్‌పీటీఈఎల్ కోర్సు చూసి, 5జీ ప్రమాణమైన 3జీపీపీ 38.212 పత్రంలోని పట్టికలు పక్కన పెట్టుకుని డీకోడర్ మొదలుపెట్టవచ్చు.