చారిత్రక దుస్తుల రూపకల్పనా, చరిత్ర డాక్యుమెంటరీ నిర్మాణమా?

చరిత్రను ప్రేమించేవారికి రెండూ ఆకర్షణీయమైన వృత్తులే, కానీ పని తీరు పూర్తిగా వేరు. లేపాక్షి వీరభద్రాలయం పైకప్పు మీది 16వ శతాబ్దపు చిత్రాలనే తీసుకోండి. దుస్తుల రూపశిల్పి అక్కడ పొడవాటి కుళ్లాయిలను, చీరల అంచులను, కొంగు పడే తీరును చూస్తారు. అలాంటి నేత ఇప్పుడు ఏ మగ్గం మీద దొరుకుతుంది, కొత్త బట్టకు పాతదనం ఎలా తేవాలి, నటులు అందులో పరుగెత్తగలరా అన్నవి ఆమె ప్రశ్నలు. చిత్రంలో మనిషి వీపు కనిపించకపోతే దాన్ని ఊహించి కుట్టాల్సిందే. నాకు ఈ పనిలో అన్నిటికన్నా నచ్చేది అదే.

డాక్యుమెంటరీ నిర్మాతకు ఆ స్వేచ్ఛ లేదు. ఊహను ఊహగానే చెప్పాలి. భారత పురావస్తు శాఖ అనుమతి, పండితుల ఇంటర్వ్యూలు, పాత ఫొటోల హక్కులు, పెట్టుబడి అన్నీ తానే సమకూర్చుకోవాలి.

ఆస్కార్ అందుకున్న తొలి భారతీయురాలు భాను అథయా దుస్తుల రూపశిల్పే. ‘గాంధీ’ చిత్రానికి 1983లో జాన్ మొల్లోతో కలిసి ఆ పురస్కారం పొందారు.

ఇప్పుడే చదువు ముగించినవారికి నేను దుస్తుల విభాగాన్నే సూచిస్తాను. అక్కడ సహాయకులుగా చేరి, జీతం తీసుకుంటూ నేర్చుకోవచ్చు. నిర్మాణంలో మొదటి రోజు నుంచే డబ్బు బాధ్యత మీదే.