పాత ఆటలకు డ్యుయల్‌షాక్ 4 ఎలా కుదిరిందంటే

ఏ కంట్రోలర్ కొత్తగా చేతికొచ్చినా నేను ముందు పెట్టే ఆట కాంట్రా. టైటిల్ తెర రాగానే పైకి, పైకి, కిందికి, కిందికి, ఎడమ, కుడి, ఎడమ, కుడి, బి, ఎ, స్టార్ట్. 30 లైఫ్‌లు వచ్చాయంటే డీ-ప్యాడ్ మీద, అంటే దిక్కుల బటన్ మీద, నమ్మకం కుదురుతుంది. రాలేదంటే కిందికి నొక్కినప్పుడు వేలు జారి పక్క దిక్కు కూడా తగిలిందన్నమాట. ఇంతకుముందు నేను వాడిన ఒక కంట్రోలర్‌లో ఈ కోడ్ పదిసార్లు కొడితే నాలుగైదు సార్లే పడేది. డ్యుయల్‌షాక్ 4తో మొదటి రోజు వరుసగా పదిసార్లు కొట్టాను, పదిసార్లూ పడింది. దీని గురించి రాయాలని ఆ రోజే అనుకున్నాను. కానీ మంచి కంట్రోలర్ దొరకడం సగం పనే. దాన్ని పీసీలో సరిగ్గా కూర్చోబెట్టడం మిగతా సగం, అందులోనే నాకు ఎక్కువ రోజులు పట్టింది.

ఇది 2013లో ప్లేస్టేషన్ 4తో వచ్చిన కంట్రోలర్. ఆ కన్సోల్ ఇప్పుడు పెద్దగా వాడడం లేదు కాబట్టి కంట్రోలర్‌ని పీసీకి తెచ్చుకున్నాను. విండోస్‌లో రెట్రోఆర్చ్ అనే, పాత కన్సోళ్ల ఆటలు పీసీలో ఆడించే ప్రోగ్రామ్ (ఎమ్యులేటర్) పెట్టుకుని, నా దగ్గరున్న క్యాట్రిడ్జ్‌ల నుంచీ డిస్కుల నుంచీ నేనే తీసుకున్న కాపీలు ఆడుతుంటాను. వాటిలో ముప్పావు వంతు 2డీ ఆటలే. ఈ లెక్క ముందే ఎందుకు చెబుతున్నానంటే, ఏ కంట్రోలర్ మంచిదన్నది మీరు ఏ ఆటలు ఎక్కువ ఆడతారన్న దాన్ని బట్టే ఉంటుంది. ఎక్స్‌బాక్స్ కంట్రోలర్‌లో ఎడమ బొటనవేలు సహజంగా వాలే చోట అనలాగ్ స్టిక్ ఉంటుంది, డీ-ప్యాడ్ దాని కింద. ప్లేస్టేషన్ కంట్రోలర్‌లో ఇది తిరగబడి, వేలు వాలే చోటే డీ-ప్యాడ్ ఉంటుంది. గంటసేపు మేరియో ఆడితే ఈ తేడా మణికట్టుకే తెలుస్తుంది. నా ఓటు దీనికి పడటానికి మొదటి కారణం అదే.

కనెక్ట్ చేయడంలో ఒక సాయంత్రమంతా పోయింది. మైక్రో యూఎస్‌బీ కేబుల్ పెట్టాను, కంట్రోలర్ లైట్ వెలిగింది, ఛార్జ్ కూడా అవుతోంది, కానీ పీసీకి మాత్రం అది ఉన్నట్టే తెలియడం లేదు. డ్రైవర్ల కోసం వెతికాను, రెండుసార్లు రీస్టార్ట్ చేశాను. చివరికి తేలిందేమిటంటే అది ఒట్టి ఛార్జింగ్ కేబుల్, అందులో డేటా వైర్లే లేవు. వేరే కేబుల్ పెట్టగానే వెంటనే దొరికింది. మీకూ ఇలాగే జరిగితే ముందు కేబుల్ మార్చి చూడండి. రన్ బాక్సులో జాయ్ డాట్ సీపీఎల్ అని కొడితే ఒక చిన్న కిటికీ తెరుచుకుంటుంది. అందులో వైర్‌లెస్ కంట్రోలర్ అన్న పేరు కనిపిస్తే కంట్రోలర్ అందినట్టే, ప్రాపర్టీస్‌లోకి వెళ్లి ఒక్కో బటనూ నొక్కి చూసుకోవచ్చు. బ్లూటూత్ కావాలంటే షేర్ బటన్, పీఎస్ బటన్ కలిపి లైట్ గబగబా మిణుకుమనేదాకా పట్టుకోవాలి. నా బ్లూటూత్ డాంగిల్ మొదట సీపీయూ వెనకాల ఉండేది, అప్పుడప్పుడూ సిగ్నల్ తెగేది. ముందువైపు పోర్టుకి మార్చాక ఆ బాధ లేదు.

అసలు చిక్కు ఆ తర్వాత వచ్చింది. విండోస్‌లో చాలా ఆటలు ఎక్స్‌బాక్స్ కంట్రోలర్‌నే ఎదురుచూస్తాయి, వాటికి ఎక్స్‌ఇన్‌పుట్ అనే పద్ధతి తెలుసు. డ్యుయల్‌షాక్ 4 ఆ పద్ధతిలో మాట్లాడదు. అందుకని డీఎస్4విండోస్ అనే ప్రోగ్రామ్ పెట్టుకుంటారు. అది పీసీలో లేని ఒక ఎక్స్‌బాక్స్ 360 కంట్రోలర్‌ని సృష్టించి, మన బటన్లన్నీ దాని పేరు మీద పంపిస్తుంది. నేనూ అదే పెట్టుకున్నాను. కాంట్రాలో ఇద్దరు ఆటగాళ్లని ఎంచుకుని మొదలుపెడితే ఇద్దరు సైనికులూ ఒకేసారి పరుగెత్తుతున్నారు, ఒకేసారి ఎగురుతున్నారు! కంట్రోలర్ నా చేతిలో ఒక్కటే ఉంది. ఏమైందంటే, రెట్రోఆర్చ్‌కి అసలు కంట్రోలరూ కనిపించింది, సృష్టించిన కంట్రోలరూ కనిపించింది. ఒకదాన్ని ఒకటో పోర్టులో, ఇంకోదాన్ని రెండో పోర్టులో పెట్టేసింది.

దీనికి రెండు దారులున్నాయి. హిడ్‌హైడ్ అనే చిన్న టూల్ అసలు కంట్రోలర్‌ని మిగతా ప్రోగ్రాములకు కనబడకుండా దాచేస్తుంది. అంతకన్నా తేలిక దారి, డీఎస్4విండోస్‌ని మూసేయడం. ఎందుకంటే రెట్రోఆర్చ్‌కి డ్యుయల్‌షాక్ 4 నేరుగానే తెలుసు. ఎన్నో కంట్రోలర్లకి సిద్ధం చేసిన ప్రొఫైళ్లు అందులో ఉన్నాయి, పెట్టగానే ఫలానా కంట్రోలర్ ఒకటో పోర్టులో కుదిరిందని తెర మూలన సందేశం వస్తుంది. అది కనిపిస్తే మధ్యలో ఇంకో ప్రోగ్రామ్ అక్కర్లేదు. కొత్త పీసీ ఆటలకి మాత్రమే ఇప్పుడు డీఎస్4విండోస్ తెరుస్తున్నాను. పీసీ ఆటలు కొని ఆడుకునే స్టీమ్ ప్రోగ్రామ్ నడుస్తున్నా ఇలాంటి తికమకే రావచ్చు కాబట్టి పాత ఆటలు ఆడేటప్పుడు దాన్నీ మూసేస్తాను.

ఇక బటన్లు. నాకు అన్నిటికన్నా ఇష్టమైన పని ఇదే, చాలామంది వదిలేసేదీ ఇదే.

రెట్రోఆర్చ్ లోపల రెట్రోప్యాడ్ అనే ఊహా కంట్రోలర్ ఒకటుంది. దాని నాలుగు ప్రధాన బటన్లు సూపర్ నింటెండో వరసలో ఉంటాయి. కింద బి, కుడివైపు ఎ, ఎడమవైపు వై, పైన ఎక్స్. మన చేతిలోది ఏదైనా ముందు ఈ రెట్రోప్యాడ్‌గా మారి, అక్కడి నుంచి ఆటలోకి వెళుతుంది. అంటే డ్యుయల్‌షాక్‌లో కింద ఉన్న క్రాస్ బి అవుతుంది, కుడివైపు సర్కిల్ ఎ అవుతుంది. ఎక్స్‌బాక్స్ కంట్రోలర్‌లో కింది బటన్ మీద ఎ అని రాసి ఉన్నా ఇక్కడ అది బి. అక్షరాలు మర్చిపోయి చోటు చూసుకుంటే గందరగోళం ఉండదు.

ఇప్పుడు సూపర్ మేరియో బ్రదర్స్ తీసుకోండి. 1983లో వచ్చిన నింటెండో కన్సోల్ ఫామికామ్‌కీ, ఆ తర్వాతి ఎన్‌ఈఎస్‌కీ రెండే ప్రధాన బటన్లు, ఎడమవైపు బి, కుడివైపు ఎ. బి నొక్కిపట్టి పరుగెత్తాలి, అది వదలకుండా ఎ నొక్కి ఎగరాలి. బొటనవేలి కొస బి మీద ఉండగా అదే వేలి కణుపు ఎ మీదికి వాలుతుంది, వేలు ఎత్తే పనే లేదు. రెట్రోఆర్చ్‌లో ఏదీ మార్చకపోతే పరుగు క్రాస్ మీద, ఎగరడం సర్కిల్ మీద పడతాయి. కుడి బొటనవేలు సహజంగా కింద కుడి నుంచి పైన ఎడమకి వాలి ఉంటుంది. క్రాస్, సర్కిల్ జంట సరిగ్గా దానికి అడ్డంగా ఉంది. వేలు మెలితిప్పాల్సి వస్తుంది, పొడవైన గుంటల దగ్గర పరుగు బటన్ జారిపోతుంది, మేరియో గుంటలో పడతాడు. మన ఆట పోయిందేమోనని అనిపిస్తుంది, కానీ పోయింది బటన్ల చోటు.

నేను చేసిన మార్పు ఇంతే. ఎడమవైపు ఉన్న స్క్వేర్‌కి ఎన్‌ఈఎస్ బి ఇచ్చాను, క్రాస్‌కి ఎన్‌ఈఎస్ ఎ ఇచ్చాను. వేలి కొస స్క్వేర్ మీద, కణుపు క్రాస్ మీద, వేలు వాలిన తీరులోనే. 1990లో వచ్చిన సూపర్ మేరియో వరల్డ్‌లో కూడా వై పట్టుకుని పరుగు, బితో ఎగరడం, అంటే ఇదే జంట. మార్చిన రోజే నా చేతికి పాత ఆట తిరిగొచ్చింది. ఇందులో అతిశయోక్తి లేదు, అప్పటిదాకా రెండు వారాలు దాటలేకపోయిన సూపర్ మేరియో బ్రదర్స్ 8-1 స్టేజీ ఆ రాత్రే దాటాను.

మార్పు చేసే చోటు క్విక్ మెనూలోని కంట్రోల్స్. అక్కడే ఈ మార్పుని రీమ్యాప్ ఫైల్‌గా దాచుకునే వీలుంది, ఆ కోర్ (రెట్రోఆర్చ్‌లో ఒక్కో కన్సోల్‌ని నడిపించే భాగం) మొత్తానికీ దాచవచ్చు లేదా ఆ ఒక్క ఆటకీ దాచవచ్చు. నేను ఎన్‌ఈఎస్ కోర్ మొత్తానికీ దాచాను. దాచకుండా బయటికొస్తే తర్వాతిసారి మళ్లీ మొదటికే వస్తుంది, మొదట్లో నాకు రెండుసార్లు అలాగే అయింది.

స్ట్రీట్ ఫైటర్ 2 సూపర్ నింటెండో కాపీకి ఏమీ మార్చక్కర్లేదు. పంచ్‌లు వై, ఎక్స్, ఎల్ మీద, కిక్‌లు బి, ఎ, ఆర్ మీద ఉంటాయి, డ్యుయల్‌షాక్‌లో సరిగ్గా వాటి చోట్లకే వస్తాయి. హడోకెన్ అనే దెబ్బకి కింద నుంచి ముందుకి వేలు జార్చడంలో మాత్రం చిన్న మాట ఉంది. 1982లో గున్‌పే యొకొయ్ డాంకీ కాంగ్ గేమ్ అండ్ వాచ్ కోసం చేసిన డీ-ప్యాడ్ ఒకే ముక్కగా ఉండే ప్లస్ గుర్తు, వేలు దాని మీద మధ్యలోంచి దొర్లుతుంది. ఇక్కడ నాలుగు దిక్కులూ విడివిడిగా పైకి వస్తాయి, మధ్యలో ఖాళీ ఉంది. మొదటి గంట వేలు ఆ ఖాళీలో తడబడింది. అలవాటయ్యాక పదికి తొమ్మిది హడోకెన్‌లు పడుతున్నాయి. ప్లస్ గుర్తు ఇంకా హాయిగా ఉంటుందని మాత్రం ఒప్పుకుంటాను. సెగా కన్సోల్ మెగాడ్రైవ్ ఆటల గురించి పెద్దగా చెప్పేదేం లేదు, ఎ, బి, సి మూడూ స్క్వేర్, క్రాస్, సర్కిల్ మీదికి చక్కగా వస్తాయి.

ప్లేస్టేషన్ 1 ఆటలైతే దీని సొంతిల్లు. ఒక్కటి గుర్తుంచుకోండి. డ్యుయల్‌షాక్ వచ్చిందే 1997లో, అంతకుముందు చాలా ఆటలకి స్టిక్‌ల సంగతే తెలియదు. ఆటలో స్టిక్ పనిచేయకపోతే కంట్రోలర్ పాడైందని కంగారుపడకండి, ఎమ్యులేటర్‌లో ఏ రకం కంట్రోలర్ ఎంచుకున్నారో చూడండి. ప్లేస్టేషన్ 1 ఎమ్యులేటర్ డక్‌స్టేషన్‌లో అయినా రెట్రోఆర్చ్‌లో అయినా ఆ ఎంపిక ఉంటుంది. పాత ఆటలకి డిజిటల్, తర్వాతి వాటికి అనలాగ్.

నింటెండో 64 దగ్గర మాత్రం నేను రాజీ పడ్డాను. ఆ కంట్రోలర్ ఆకారమే వేరు, మూడు పిడులు, మధ్య పిడి వెనక జెడ్ బటన్, కుడివైపు నాలుగు పసుపు సి బటన్లు. సి బటన్లు ఇక్కడ కుడి స్టిక్ మీదికి వెళతాయి. కెమెరా తిప్పడానికైతే బాగానే ఉంది. ఆకారినా ఆఫ్ టైమ్‌లో వస్తువులు సి బటన్ల మీదే ఉంటాయి, పోట్లాట మధ్యలో స్టిక్‌ని కింద అనబోయి ఎడమకి అంటే విల్లుకి బదులు బాంబు బయటికొస్తుంది. సూపర్ మేరియో 64కి ఇంకో సర్దుబాటు కావాలి. అందులో స్టిక్ కొంచెం వంచితే మేరియో మెల్లగా అడుగులేస్తాడు, పూర్తిగా వంచితే పరుగెడతాడు. నింటెండో 64ని నడిపించే మూపెన్ కోర్ ఆప్షన్లలో డెడ్‌జోన్ ఉంటుంది, స్టిక్ ఎంత కదిలాక లెక్కలోకి తీసుకోవాలన్నది అదే. మరీ తగ్గిస్తే చెయ్యి తీసేసినా మేరియో తనంతట తానే నడుస్తాడు, మరీ పెంచితే మెల్లగా నడిచే వీలే పోతుంది. పెంచుతూ తగ్గిస్తూ, నిద్రపోతున్న పిరానా మొక్క పక్కనుంచి దాన్ని లేపకుండా నడవగలిగే చోట ఆపాను.

బటన్లు కుదిరాక కూడా మేరియో ఒక క్షణం ఆలస్యంగా ఎగురుతున్నాడనిపిస్తే అది వేలి తప్పు కాకపోవచ్చు. సెకనుకి 60 ఫ్రేములంటే ఒక్కో ఫ్రేముకి దాదాపు 16.7 మిల్లీసెకన్లు. ఆటలు తమ లోపలే ఒకటీ రెండూ ఫ్రేములు ఆలస్యం చేస్తాయి, పైన మన మానిటర్ ఆలస్యం కలుస్తుంది. 2018లో రెట్రోఆర్చ్‌కి వచ్చిన రన్-అహెడ్ అనే సౌకర్యం ఆటలోపలి ఆలస్యాన్ని తీసేస్తుంది. ఎంత పెట్టాలో తెలుసుకోవడం తేలిక. కీబోర్డులో పి నొక్కి ఆట ఆపండి, కంట్రోలర్‌లో ఎగిరే బటన్ పట్టుకోండి, కె నొక్కుతూ ఒక్కో ఫ్రేమూ జరపండి. ఎన్నో ఫ్రేములో బొమ్మ కదిలిందో లెక్కపెట్టి అందులోంచి ఒకటి తీసేయండి. నాకు మేరియోలో ఒకటి సరిపోయింది. ఎక్కువ పెడితే కదలికలో ఫ్రేములు ఎగిరిపోతాయి, ప్రాసెసర్ మీద బరువూ పెరుగుతుంది.

సేవ్, లోడ్ లాంటి పనుల షార్ట్‌కట్‌లకి, అంటే హాట్‌కీలకి, చాలామంది సెలెక్ట్ వాడతారు. సూపర్ మెట్రాయిడ్‌లో ఆయుధాలు మార్చేది సెలెక్ట్‌తోనే కాబట్టి నేను పీఎస్ బటన్ పెట్టుకున్నాను. ఏ పాత ఆటకీ దాని అవసరం లేదు. పీఎస్ పట్టుకుని ఆర్1 నొక్కితే సేవ్, ఎల్1 నొక్కితే లోడ్, ఆప్షన్స్ నొక్కితే బయటికి.

మా చెల్లి వచ్చినప్పుడు తన ఎక్స్‌బాక్స్ కంట్రోలర్ తెస్తుంది. ఏది ముందు కనెక్ట్ అయితే అది ఒకటో పోర్టు అయిపోతుందని మొదట్లో ప్లగ్గులు తీసి పెట్టేవాళ్లం. ఇన్‌పుట్ సెట్టింగులలో ఒకటో పోర్టు కంట్రోల్స్‌కి వెళ్లి డివైస్ ఇండెక్స్ మారిస్తే చాలు. ఇంతకీ తను రెండు రౌండ్లు ఆడి, తన కంట్రోలర్ నాకిచ్చి డ్యుయల్‌షాక్ లాక్కుంది. డీ-ప్యాడ్ ఇక్కడే బాగుందట. పోయిన ఆదివారం కాంట్రా ఎనిమిది స్టేజీలూ కలిసి పూర్తి చేశాం. కోడ్ తనే కొట్టింది, మొదటిసారికే పడింది.