కంపెనీ వదిలే వేళ: అమ్మతో లియాన్‌లో ఒక రోజు

ముందు పారిస్‌లో కపుసీన్ బులేవార్డ్‌కు వెళ్ళాం. 1895 డిసెంబరు 28న, సినిమాకు ఆద్యులైన లూమియేర్ అన్నదమ్ములు టిక్కెట్టు పెట్టి సినిమా చూపించిన గ్రాండ్ కెఫే అక్కడే ఉండేది. ఇప్పుడు గోడకు ఒక ఫలకం ఉంది. ఐదు నిమిషాల పని. దానికోసం పనిగట్టుకుని వెళ్ళక్కర్లేదు.

చూడాల్సింది వాళ్ళు మొదటి సినిమా తీసిన లియాన్. పారిస్ నుంచి ఫాస్ట్ రైల్లో రెండు గంటలు. పార్ దియూ స్టేషన్ దగ్గర గది తీసుకుని పొరపాటు చేశాం. లిఫ్టు పాడైంది. ఎప్పుడు అడిగినా "రేపు" అన్నారు. మోకాళ్ళ నొప్పులతో అమ్మ రెండు రోజులూ మూడంతస్తులు ఎక్కి దిగింది. మళ్ళీ వెళ్తే మోంప్లెజీర్ పేటలోనే దిగుతాను. లూమియేర్ మ్యూజియం అక్కడే, మెట్రో డి లైను అక్కడికే వస్తుంది. ఆ రైలుకు డ్రైవర్ ఉండడని చెప్తే అమ్మ దిగేదాకా కడ్డీ వదల్లేదు.

స్టేషన్ బయటికొస్తే లూమియేర్ వాళ్ళ పాత బంగళా. ఇప్పుడు అదే మ్యూజియం. ఫొటోలు తీయడానికి వాడే గాజు పలకల ఫ్యాక్టరీ వాళ్ళది. ఫ్యాక్టరీ గేటున్న వీధిని ఇప్పుడు 'మొదటి సినిమా వీధి' అంటారు. అప్పటి షెడ్డు దూలాలను అలాగే ఉంచి, వాటికింద సినిమా హాలు కట్టారు.

ఆ గేటు దగ్గర తీసిన వాళ్ళ మొదటి సినిమాను లోపల చూశాం. మొత్తం యాభై సెకన్లు కూడా ఉండదు. గేటు తెరుచుకుంటుంది, పనివాళ్ళు బిలబిలమంటూ బయటికొస్తారు. ఎక్కువమంది ఆడవాళ్ళే. తలమీద టోపీలు, కాళ్ళదాకా పావడాలు. మధ్యలో ఒక కుక్క, సైకిలు మీద ఒకతను. దీన్ని మూడుసార్లు తీశారు. ఒకదాంట్లో ఒక గుర్రం బండి లాగుతుంది, ఇంకోదాంట్లో రెండు, మూడోదాంట్లో గుర్రమే లేదు.

అమ్మ చిలకలూరిపేటలో పొగాకు కంపెనీలో పదేళ్ళు పనిచేసింది. "కంపెనీ వదిలార్రా" అంది, చూడగానే. కాసేపటికి నా చెయ్యి పట్టుకుని, "అదిగో, ఆ పిల్ల చూడు, పక్కదాని కొంగు లాగి పోతోంది" అంది. నేను ఈ సినిమా ఫోన్లో ఎన్నిసార్లు చూశానో! ఒకామె ఇంకొకామె పావడా పట్టి లాగడం ఒక్కసారీ గమనించలేదు.

1896 జులై 7న బొంబాయి వాట్సన్ హోటల్లో మన దేశంలో మొదటిసారి బొమ్మ వేసినప్పుడు చూపించినవాటిలో ఈ సినిమా కూడా ఉంది.

రెండు గంటలు చాలనుకున్నాం, నాలుగు పట్టింది. సోమవారం మ్యూజియం మూసేస్తారు, ఆ రోజు మాత్రం పెట్టుకోకండి.