రంగు మార్చి ఒంట్లో గడియారాన్ని దిద్దే 9 వాట్ల స్మార్ట్ బల్బు

రాత్రిపూట నీలం వాటా ఎక్కువున్న తెల్లటి వెలుగు ఒంట్లోని గడియారాన్ని ఆలస్యంగా నడిపిస్తుంది. 480 నానోమీటర్ల దగ్గరి నీలానికి కంట్లో వెలుగును పసిగట్టే మెలనాప్సిన్ అనే ప్రోటీన్ బాగా స్పందిస్తుంది. దాంతో నిద్రవేళను తెలిపే మెలటోనిన్ హార్మోన్ తగ్గి నిద్ర వెనకపడుతుంది. అందుకే 2700 (పసుపు వెలుగు) నుంచి 6500 కెల్విన్ల (నీలం కలిసిన తెలుపు) దాకా రంగు మారే ఈ బల్బు పనికొచ్చేదే.

బి22 అనే మామూలు రెండు పిన్నుల హోల్డర్‌లో బిగించి, మిణుకుమిణుకుమనేదాకా స్విచ్చి వేసి ఆపుతూ యాప్‌కి కలపాలి. వైఫై 2.4 గిగాహెర్ట్జ్‌లో ఉండాలి, 5లో దొరకదు. పొద్దున 6500, సాయంత్రం 7 నుంచి 2700, వెలుగు 30 శాతం పెట్టండి. రంగొక్కటే మారిస్తే చాలదు, వెలుగూ తగ్గాలి. చాలామంది ఇదే వదిలేస్తారు.

అసలు తలనొప్పి కరెంటు పోయినప్పుడు. అర్ధరాత్రి తిరిగి రాగానే ఫుల్లు తెల్లగా వెలుగుతుంది, పడుకున్నవాళ్ల మొహాన టార్చి కొట్టినట్టు. సెట్టింగ్స్‌లో 'కరెంటు వచ్చాక పాత స్థితి' అన్న ఆప్షన్ ముందే వేసుకోవాలి. గోడ స్విచ్చి ఆపితే షెడ్యూలు కూడా ఆగిపోతుంది. ఇంట్లో అలవాటుగా స్విచ్చి నొక్కేవాళ్లుంటే దానిమీద టేపు అంటించక తప్పదు. ఎరుపు, ఊదా రంగులు పండగలకి సరదా, అంతే. పడగ్గదికి ఒకటి కొనండి; వంటింటికి మామూలు ఎల్‌ఈడీ చాలు.