మాయాబజార్ డీవీడీ: రేలంగి కోసం కొన్నాను

మా నాన్నగారికి హాస్యనటుడు రేలంగి అంటే ప్రాణం. ఆయన కోసమే మాయాబజార్ (1957) డీవీడీ తెప్పించాను, నలుపు తెలుపుదే. బొమ్మ చాలా శుభ్రంగా ఉంది. పెళ్లిపీటల మీద మాయా శశిరేఖ (శశిరేఖ రూపంలో ఉన్న ఘటోత్కచుడు) లక్ష్మణకుమారుడి వేషంలో ఉన్న రేలంగి కాలు తొక్కే చోట నాన్నగారు ఆపించి, మళ్లీ రెండుసార్లు వేయించారు. ముందు నొప్పి, వెంటనే నలుగురిలో పరువు పోకూడదన్న అవస్థ, ఆ వెనకే అసలైన భయం. రేలంగి ముఖంలో ఈ మూడూ విడివిడిగా కనిపించాయి. టీవీలో ఎన్నోసార్లు చూశాను కానీ ఆ కనుబొమల కదలిక ఇంత స్పష్టంగా ఎప్పుడూ చూడలేదు.

1935లో శ్రీకృష్ణ తులాభారంతో తెరమీదికి వచ్చిన మనిషికి గట్టి పేరు తెచ్చింది 1949 నాటి గుణసుందరి కథ. మధ్యలో పద్నాలుగేళ్లు! 1970లో పద్మశ్రీ అందుకున్న నటుడు ఎంత ఓర్పుతో అక్కడికి చేరారో తలచుకుంటే నాకు గౌరవం రెట్టింపవుతుంది.

పాటలు వచ్చినప్పుడు మాత్రం శబ్దం ఒక్కసారిగా పెరుగుతోంది, రిమోట్ దగ్గరే ఉంచుకోవాలి. అట్ట మీద రేలంగి బొమ్మ వేయకపోవడం నాకు నిజంగా బాధ కలిగించింది. అయినా డబ్బుకు తగిన సరుకే. వచ్చే ఆదివారానికి మిస్సమ్మ కూడా తెప్పిస్తున్నాను.