స్విఫ్ట్‌కు ఇంట్లోనే మార్చిన సీవీ జాయింట్: రెండు వానాకాలాల తర్వాత

విజయనగరంలో మా ఇంటి ముందే కారు కుడి ముందు చక్రం దగ్గరి సీవీ జాయింట్ మార్చి రెండు వానాకాలాలు దాటాయి. స్టీరింగుతో చక్రం ఎటు వంగినా ఇంజిన్ బలాన్ని దానికి అందించే కీలు ఇది. జాయింట్ ఇప్పటికీ చప్పుడు లేకుండా తిరుగుతోంది. కిట్‌తో పాటు వచ్చిన రబ్బరు బూటు, అంటే జాయింట్ గ్రీజును మూసి ఉంచే తొడుగు మాత్రం అంతకాలం నిలవలేదు. కిట్ కొనాలనుకునేవాళ్లకు ఈ రెండో సంగతి ముందే తెలియాలి, అందుకే కాస్త వివరంగా రాస్తున్నాను.

కారు 2009 మోడల్ స్విఫ్ట్ ఎల్‌ఎక్స్‌ఐ, పెట్రోలు, ఏబీఎస్ లేదు. రోజూ గరివిడి వైపు ఉద్యోగానికి తిరుగుతుంది. పండగలకు గజపతినగరం, రామభద్రపురం మీదుగా సాలూరు, అక్కడ మా అత్తారిల్లు. ఎప్పుడైనా అక్కడి నుంచి ఘాట్ ఎక్కి కోరాపుట్ దాకా వెళ్తాం. అంటే ఒకవైపు లారీల దుమ్ము, ఇంకోవైపు స్టీరింగు పూర్తిగా తిప్పి ఫస్ట్ గేర్‌లో లాగించే ఘాట్ మలుపులు. సీవీ జాయింట్‌కు ఇంతకంటే కఠినమైన పరీక్ష మన వైపు రోడ్ల మీద దొరకదు.

పాత జాయింట్ పోయిందని చప్పుడే చెప్పింది. స్టీరింగు ఎడమకు తిప్పి బండి కదిలిస్తే కుడి చక్రం దగ్గర టక్ టక్ టక్‌మని వచ్చేది. వేగం పెరిగితే ఆ టకటక కూడా దగ్గరయ్యేది. నేరుగా వెళ్తుంటే ఏమీ లేదు. ఈ తేడా గట్టిగా పట్టుకోవాలి, ఎందుకంటే ముందు వైపు నుంచి వచ్చే ప్రతి చప్పుడుకూ యాక్సిల్‌నే (గేర్‌బాక్స్ నుంచి చక్రానికి వెళ్లే, రెండు చివర్లా జాయింట్లున్న షాఫ్ట్‌నే) బాధ్యుణ్ని చేసేవాళ్లు చాలామంది. స్పీడుతో పాటు పెరిగే హుమ్‌మనే మోత వీల్ బేరింగుది కావచ్చు. నేరుగా వెళ్తూ యాక్సిలరేటర్ తొక్కినప్పుడు బండి అదిరితే గేర్‌బాక్స్ వైపు జాయింట్ మీద అనుమానపడాలి. మలుపులో, ఇంజిన్ లాగుతున్నప్పుడు మాత్రమే టకటక వస్తే అది చక్రం వైపు జాయింట్. రింగ్ రోడ్డు దగ్గర ఖాళీ స్థలంలో స్టీరింగు రెండు వైపులా పూర్తిగా తిప్పి గుండ్రంగా నడిపి, మా బావమరిదిని బయట నిలబెట్టి వినమన్నాను. చక్రం వెనక టార్చి వేసి చూస్తే బూటు మడతలో చీలిక, రిమ్ము లోపలి వైపంతా నల్లటి గ్రీజు చిమ్మి ఉంది. ఇక అనుమానమే లేదు.

అంబాసిడర్, పద్మిని కార్లలో ఇంజిన్ బలం వెనక చక్రాలకు వెళ్లేది, అక్కడ మెకానిక్‌లకు తెలిసిన పని క్రాసులు, అంటే షాఫ్ట్‌ను వంగనిచ్చే ప్లస్ ఆకారపు కీళ్లు మార్చడం. ముందు చక్రాలే తిప్పే బండిలో ఆ క్రాసు సరిపోదు, ఎందుకంటే బాగా వంగినప్పుడు దాని వేగం ప్రతి చుట్టులోనూ హెచ్చుతగ్గులవుతుంది. ఆ ఇబ్బంది లేకుండా ఆరు ఉక్కు బంతులతో తిరిగే జాయింట్‌కు ఆల్‌ఫ్రెడ్ జెప్పా అనే ఇంజినీరు 1920ల్లో పేటెంట్ తీసుకున్నాడు. ఇప్పటికీ మన చిన్న కార్లలో చక్రం వైపు ఉండేది దాదాపు అదే. బయట కప్పు, లోపల నక్షత్రం ఆకారంలో గాళ్లున్న ముక్క, మధ్యలో బంతుల్ని పట్టి ఉంచే పంజరం. చక్రం ఎంత వంగినా బంతులు సరిగ్గా సగం కోణంలో నిలుస్తాయి కాబట్టి రెండు వైపులా వేగం సమానంగా ఉంటుంది. ఇంత మంచి అమరిక బతికేదంతా లోపలి గ్రీజు మీదే. బూటు చిరిగితే గ్రీజు బయటికి చిమ్ముతుంది, దుమ్మూ నీళ్లూ లోపలికి పోతాయి. మిగిలిన గ్రీజు వాల్వులు రుద్దే గ్రైండింగ్ పేస్టులా మారి ఉక్కును తినేస్తుంది.

మా ఊళ్లో నాకు మూడు దారులు కనిపించాయి. ఒక మెకానిక్ మర్యాదగానే చెప్పాడు, "జాయింట్ ఒక్కటీ ఏస్తే మనం గ్యారంటీ ఇవ్వలేం బాబూ, యాక్సిల్ సెట్టు ఏసేద్దాం" అని. ఆయన మాటలో న్యాయముంది, కంపెనీ పద్ధతి కూడా అదే, చక్రం వైపు జాయింట్ పాడైతే షాఫ్ట్‌తో సహా మార్చడం. రెండోది, పాత సామాన్ల షాపులో సెకండ్ హ్యాండ్ యాక్సిల్. దాని లోపల ఏముందో బూటు విప్పితే గాని తెలియదు, అందుకని అటు వెళ్లలేదు. మూడోది విడిగా అమ్మే జాయింట్ కిట్: జాయింట్, బూటు, క్లిప్పులు, లాక్, గ్రీజు ప్యాకెట్, షాఫ్ట్‌ను చక్రం మధ్యనుండే హబ్‌కు బిగించే కొత్త హబ్ నట్. సెట్టు ధరలో ఇది సుమారు మూడో వంతు. షాఫ్ట్ నిటారుగా, గేర్‌బాక్స్ వైపు జాయింట్ బిగువుగా ఉన్నప్పుడు సెట్టంతా మార్చడం నాకు వృథా అనిపించింది. విశాఖ వెళ్లినప్పుడు కిట్ తెచ్చుకున్నాను.

కొనేటప్పుడు షాపులోనే తేల్చుకోవాల్సినవి కొన్ని ఉన్నాయి. ఒకే మోడల్ కారుకు కూడా ఏడాదిని బట్టి, ఇంజిన్‌ను బట్టి జాయింట్ మారుతుంది. హబ్‌లోకి వెళ్లే వైపు పళ్లెన్ని, షాఫ్ట్ ఎక్కే వైపు పళ్లెన్ని, ఏబీఎస్ రింగు ఉందా లేదా అన్నవి డబ్బా మీద చూసుకోవాలి. డబ్బా మీద ఉన్నది నిజమో కాదో ఇంటికొచ్చాక పాతదాని పక్కన పెట్టి లెక్కపెట్టాలి. ఒక పన్ను మీద మార్కర్‌తో చుక్క పెట్టుకుని మొదలుపెడితే లెక్క తప్పదు. పొడవు, హబ్ బేరింగుకు ఆనుకునే భుజం వెడల్పు కూడా సరిపోవాలి.

పనిలో మొదటి కష్టం హబ్ నట్. దాని అంచును సుత్తితో షాఫ్ట్ గాడిలోకి నొక్కి ఉంచుతారు, ముందు దాన్ని సన్న ఉలితో పైకి లేపాలి. లేపకుండా తిప్పితే షాఫ్ట్ మరలు పాడవుతాయి. చక్రాలు నేల మీద ఉండగానే నట్ వదులు చేసుకోవాలి. బావమరిది బ్రేకు మీద కాలు పెట్టి "నొక్కి పట్టుకున్నా బావా, లాగు" అంటే, నేను రెంచికి మీటరు పొడవు ఇనప పైపు తొడిగి బరువంతా వేశాను. ఖణేల్‌మని ఒక్క చప్పుడుతో వదిలింది. ఆ తర్వాతే జాకీ. చక్రం తీసిన బండి కింద జాకీ ఒక్కదాన్నే నమ్మి చెయ్యి కూడా పెట్టొద్దు. గట్టి స్టాండు వేసి, వెనక చక్రాలకు రాళ్లు అడ్డం పెట్టి, బండిని ఒకసారి ఊపి చూసి అప్పుడు దిగండి. ఇంట్లో పిల్లలుంటే ఆ పూట వాళ్లను అటు రానివ్వకండి.

కింది ఆర్మ్ బాల్ జాయింట్ బోల్టు తీసి, కడ్డీతో ఆర్మ్‌ను కిందికి అదిమితే చక్రం దిమ్మ బయటికి వస్తుంది. బ్రేకు గొట్టం లాగుడు పడకుండా చూసుకుంటూ, షాఫ్ట్ చివర చెక్క పెట్టి కొడితే హబ్ నుంచి వెనక్కి జారింది. కొందరు షాఫ్ట్‌ను బండిలోనే ఉంచి జాయింట్ కొట్టి తీస్తారు. నాకది నచ్చలేదు. ఆ దెబ్బలు గేర్‌బాక్స్ వైపుండే లోపలి జాయింట్ మీద పడి, అందులోని మూడు రోలర్లు కప్పులోంచి ఊడి రావచ్చు. గేర్ ఆయిల్ దించేసి, ఆయిల్ సీలుకు గీత పడకుండా షాఫ్ట్ మొత్తం బయటికి తీశాను. ఆయిల్ ఎలాగూ మార్చాల్సిన వయసుకొచ్చింది.

షాఫ్ట్‌ను చెక్కముక్కల మధ్య వైస్‌లో బిగించాక అసలు ముడి మిగిలింది: జాయింట్‌ను షాఫ్ట్ మీద పట్టి ఉంచే లాక్. అది సన్నని తీగ చుట్టు, లోపల ఉంటుంది, కంటికి కనపడదు. ఇత్తడి కడ్డీని లోపలి నక్షత్రం ముక్క మీద ఆనించి, ఒక పక్క ఒక దెబ్బ, ఎదురు పక్క ఇంకో దెబ్బ వేస్తూ పోవాలి. పంజరం మీద కొట్టకూడదు. కొంతసేపు ఏమీ కదలనట్టే ఉంటుంది, తర్వాత ఒక్కసారిగా జారి చేతిలో పడుతుంది. పాతదాన్ని కిరసనాయిలులో కడిగి బంతులు తీసి చూశాను. ఆరు గాళ్లలో రెండింటిలో గోటితో తడిమితే తగిలేంత గుంటలు, పంజరం గళ్ల అంచులు నలిగి మెరుస్తున్నాయి. బంతి ఆ గుంటలో దిగి ఎక్కిన ప్రతిసారీ వచ్చిన చప్పుడే మనం విన్న టక్.

బిగించేటప్పుడు చిన్న క్లిప్పు, బూటు ముందే షాఫ్ట్ మీదికి ఎక్కించాలి. షాఫ్ట్ పళ్ల మీద టేపు చుడితే బూటు లోపలి అంచు కోసుకోదు. పాత లాక్ మళ్లీ వాడొద్దు. కిట్‌లో ఇచ్చిన నల్లటి మాలిబ్డినం గ్రీజు కొంత బంతుల మధ్యకు వేలితో కుక్కి, మిగతాది బూటులో వేయాలి. వీల్ బేరింగుకు వేసే మామూలు గ్రీజు డబ్బా ఇంట్లో ఉంది కదా అని అది వేయకండి. పాత నట్‌ను జాయింట్ చివరికి మరలకు సమంగా ఎక్కించి, దాని మీద ప్లాస్టిక్ సుత్తితో కొడితే లాక్ గాడిలో పడినప్పుడు చప్పుడు మారుతుంది. గట్టిగా లాగి చూసి నిర్ధారించుకోవాలి. బూటు అంచు ఎత్తి లోపలి గాలి వదిలేసి, అప్పుడు క్లిప్పు బిగించాలి. కేబుల్ టై వేసి వదిలేసే అలవాటు మన దగ్గర చాలా ఉంది, అది గ్రీజును ఆపదు.

తిరిగి ఎక్కించాక గేర్ ఆయిల్ లెవెల్ రంధ్రం అంచుదాకా నింపి, కొత్త హబ్ నట్‌ను టార్క్ రెంచితో (బిగించే బలాన్ని కొలిచే రెంచి) మాన్యువల్ చెప్పినంత బిగించాలి. అది వీల్ నట్లకు పట్టే బలానికి ఇంచుమించు రెట్టింపు, చేత్తో అంచనా వేస్తే కుదరదు. తక్కువైతే వీల్ బేరింగు త్వరగా పోతుంది. చివరగా నట్ అంచును గాడిలోకి కొట్టడం మరచిపోకూడదు.

ఇక వాడకం. మొదటి రోజు నుంచి మలుపుల్లో చప్పుడు పోయింది, మళ్లీ రాలేదు. సాలూరు ఘాట్‌లో అద్దాలు దించి, ప్రతి పెద్ద మలుపులో చెవి పెట్టి విన్నాను, నిండా మనుషులున్నప్పుడు కూడా శుభ్రం. స్పీడు మీద వణుకు లేదు. జాయింట్ ఉక్కు పనితనానికి పూర్తి మార్కులు ఇస్తాను.

బూటు సంగతి వేరు. రెండో వేసవి తర్వాత మడతల అడుగున సన్నని పగుళ్లు కనిపించాయి. వేలితో విప్పి చూస్తే రబ్బరు గట్టిపడి ఉంది. అసలు బూటు ఎన్నో ఏళ్లు నిలిచింది, కిట్ బూటు మాత్రం ఎండకూ గ్రీజుకూ ఇంత త్వరగా లొంగిపోయింది. పెద్ద క్లిప్పు కూడా కాస్త వదులై అంచున గ్రీజు చెమర్చింది. అదృష్టం ఏమిటంటే చిరగకముందే కంట పడింది. కంపెనీ బూటు, చెవిని నొక్కి బిగించే క్లిప్పులు విడిగా కొని, జాయింట్ కడిగి, కొత్త గ్రీజుతో మళ్లీ ఎక్కించాను. బంతుల దారులు అద్దంలా ఉన్నాయి, ఒక్క గీత లేదు. కాబట్టి కిట్ కొనేవాళ్లకు నా సలహా ఒక్కటే: జాయింట్ ఏ మంచి తయారీదైనా వాడుకోండి, బూటూ క్లిప్పులూ మాత్రం మొదటి రోజే మంచివి విడిగా కొని వేయండి. ఆ కొద్ది ఖర్చుకు వెనకాడితే మళ్లీ ఇదంతా విప్పాలి.

ఇంట్లో చేయదగ్గ పనేనా అంటే, వైస్, స్టాండ్లు, టార్క్ రెంచి ఉండి, తోడు ఒక మనిషి ఉంటే తప్పకుండా చేయదగ్గదే. అవి లేకపోతే వాటి ధరకే మెకానిక్ చేత యాక్సిల్ సెట్టు వేయించుకోవచ్చు, అందులో తప్పేమీ లేదు. బండి మరుసటి రోజు ఉదయమే కావాల్సినవాళ్లు, లోపలి జాయింట్ కూడా వదులైనవాళ్లు కూడా సెట్టే వేయించుకోవడం మేలు. ఏబీఎస్ ఉన్న బండైతే సెన్సర్ రింగు, వైరు విషయంలో ఇంకొంచెం జాగ్రత్త కావాలి.

ఎడమవైపు ఇంకా కంపెనీ జాయింటే ఉంది. కుడివైపు బూటు మార్చినప్పుడే దానికీ కొత్త బూటు వేసేశాను. లోపలి గ్రీజు రెండు వేళ్ల మధ్య రుద్ది చూస్తే నల్లగా, మెత్తగా ఉంది, ఎక్కడా గరుకు తగల్లేదు. అందుకని ఆ జాయింట్ జోలికి వెళ్లకుండా కొత్త గ్రీజు నింపి మూసేశాను.