శివారు కాలనీలో 300 చదరపు అడుగుల ఫ్లాటు: గోడకు వంక లేదు, దూరంతోనే చిక్కు

పట్టణ పేదల కోసం ప్రభుత్వ సంస్థ టిడ్కో కట్టించిన జీ ప్లస్ 3 (కింది అంతస్తు, పైన మూడు) బ్లాకుల్లో 300, 365, 430 చదరపు అడుగుల ఫ్లాట్లున్నాయి. ఇది విశాఖ శివార్లలోని 300 అడుగుల చిన్న ఫ్లాటు గురించి. హాలు, పడగ్గది, వంటగది, బాత్రూము, అంతే.

కట్టడం గట్టిది. షియర్‌వాల్ పద్ధతి కాబట్టి గోడా శ్లాబూ కాంక్రీటే. 2014లో హుద్‌హుద్ గాలి చూసిన ఊరికి ఇది చిన్న విషయం కాదు. కాకపోతే మేకు దిగదు. హ్యామర్ డ్రిల్లు, 8 ఎంఎం బిట్టు, ప్లాస్టిక్ ప్లగ్గు కావాలి. స్విచ్‌బోర్డుకి నిలువునా పైనా కిందా బెజ్జం వేయొద్దు, లోపల వైరు పైపుంటుంది. కొత్త పాయింటుకి గోడ చెక్కించకండి. ఇంటిని మోసేది ఆ గోడే. గోడ మీదుగా కేసింగ్ (వైరు దాచే ప్లాస్టిక్ పట్టీ) వేయించుకోండి.

ఏళ్ల తరబడి తాళం పడిన ఇల్లయితే వేరే కథ. నేల ట్రాపుల్లో (నీళ్లు పోయే జాలీ కింద కొంచెం నీళ్లు నిలిచే గిన్నెల్లో) నీళ్లు ఎండిపోయి డ్రైనేజీ వాసన, బొద్దింకలు పైకొస్తాయి. ఒక్కో ట్రాపులో అర బకెట్టు నీళ్లు పోస్తే చాలావరకు పోతుంది. ఉప్పుగాలికి కిటికీ ఊచలు పొరలు పొరలుగా రాలుతుంటాయి. తుప్పు గీకి, రెడ్ ఆక్సైడ్ పూసి, ఆరాక రెండు కోట్లు ఎనామిల్ వేయాలి.

అసలు తాళాలెందుకు పడుతున్నాయి? పూర్ణా మార్కెట్ కలాసీకీ, ఫిషింగ్ హార్బర్‌లో చేపలు కొని అమ్ముకునే ఆడవాళ్లకీ పని తెల్లారకముందే మొదలు. ఆ వేళకి శివారు నుంచి బస్సుండదు, ఆటోకిస్తే కూలిలో మిగిలేది తక్కువ. దాంతో ఊళ్లో గది అద్దెకి తీసుకుని, సొంతిల్లు మూసేస్తారు. ఉండిపోయినవాళ్లకీ సుఖం లేదు. తోపుడు బండి మూడో అంతస్తుకెక్కదు, మెట్ల కింద గొలుసేసి కట్టాల్సిందే. వలకి చోటు లేదు, చేప ఎండబెట్టడానికి పెరడు లేదు. ఇరుగుపొరుగు చెదిరిపోతే పసిబిడ్డని ఎవరి దగ్గర వదిలి పనికెళ్తారు? ఇల్లు ఇచ్చేటప్పుడు ఈ లెక్క కూడా వేయాలి.

తాళాల భారం పక్కింటి మీదా పడుతుంది. 32 ఫ్లాట్లలో 20 మూసి ఉన్నాయనుకోండి. మోటారు రిపేరు 4,000 అయితే ఇంటికి 125 పడాల్సింది 333 అవుతుంది. కొందరు కట్టరు, మోటారు ఆగుతుంది, నీళ్లు లేక ఇంకో రెండిళ్లు ఖాళీ అవుతాయి.

పనికి అరగంట బస్సు దూరమైతే ధైర్యంగా దిగండి. లేదంటే ఒక వారం ఆ వేళకే స్టాపులో నిలబడి బస్సు చూసుకోండి. అంతవరకు పిల్లల టీసీ తీసుకోకండి.